వర్ణం ఎవరి సమస్య? – డాక్యుమెంటరీ స్వీయకథనం, తెలుగు డయాస్పోరా విమర్శ

తెలుగు డయాస్పోరా సాహిత్య విమర్శలో జాతివివక్ష చాలావరకు పరాయి దేశపు దోషంగానే కనిపిస్తుంది. తెల్లవారు తెలుగువారిని అవమానిస్తే అది అస్తిత్వ సమస్య. తెలుగువారు తమ ఇంట పెండ్లిచూపుల్లో మేనిచాయను బేరీజు వేస్తే అది లోకరీతి. ఈ ద్వంద్వ ప్రమాణం విమర్శకు తగదు.

తెలుగు కుటుంబంలో జన్మించిన నీనా దావులూరి 2013 సెప్టెంబరు 15న మిస్ అమెరికా 2014 కిరీటం పొందారు. వెనువెంటనే సామాజిక మాధ్యమాలలో కొందరు ఆమెను అరబ్బు అనీ ఉగ్రవాది అనీ దూషించారు. ఆ మేనిచాయతో భారతదేశపు అందాల పోటీలో ఆమె నెగ్గేదా అన్న చర్చ ఇక్కడ సాగింది. మొదటి అవమానం దగ్గరే ఆగి ఉంటే ఆమె కథ విజయగాథగా ముగిసేది. అయితే ఆమె ‘కాంప్లెక్షన్’ డాక్యుమెంటరీ ధారావాహిక ద్వారా దక్షిణాసియా సమాజంలోని తెల్లదనపు మోజును ప్రశ్నించడానికి పూనుకొన్నారు. స్వీయానుభవం నుంచి మొదలయ్యే డాక్యుమెంటరీకి ఉన్న నైతిక బలం ఇదే. అది సొంత ఇంటిని విచారణ నుంచి మినహాయించదు.

అమెరికాలోని జాతి వేరు, ఇక్కడి కులం వేరు, రెండింటినీ కలిపి చదవరాదని ఆక్షేపించవచ్చు. వాటి చరిత్రలు వేరన్నది నిజమే. కాని రంగుకూ చాతుర్వర్ణ్యానికీ ‘వర్ణం’ అన్న ఒకే మాటను వాడే భాషలో ఈ ప్రశ్నను దిగుమతి సరుకుగా తోసిపుచ్చడం సాధ్యం కాదు.

ఈ విమర్శ మరొక పరిమితిని కూడా కల్పించుకొన్నది. డయాస్పోరా అనగానే 1965 వలస చట్టం తరువాత అమెరికా చేరిన విద్యావంతులే గుర్తుకు వస్తారు. 1860లో ట్రూరో ఓడ మద్రాసు నుంచి డర్బన్ చేరింది మొదలు 1911 వరకు లక్షన్నర మందికి పైగా భారతీయ ఒప్పంద కూలీలు నేటాల్ వెళ్లారు. వారిలో నాటి విశాఖపట్టణం జిల్లావారూ ఉన్నారు. గజపతినగరం ఆ జిల్లాలోని ఒక తాలూకా. ఓడ పట్టీలలో కూలీ పేరుతో పాటు సంఖ్య, తండ్రి పేరు, కులం, జిల్లా, ఊరు, ఎత్తు, ఒంటిమీది గుర్తులు నమోదయ్యేవి. కులాన్నీ శరీరాన్నీ ఒకే వరుసలో చేర్చిన ఆ పట్టీ వలస అస్తిత్వానికి తొలి పత్రాలలో ఒకటి. అయితే దానిని రాసినది పాలకుల గుమాస్తా. కూలీ స్వరం అందులో లేదు. బర్మాలో ‘కోరంగీలు’గా పిలువబడి, 1930 రంగూన్ అల్లర్లలో దాడులకు గురైన తెలుగు రేవు కూలీల స్వరానికీ ఈ విమర్శలో చోటు దక్కలేదు.

కిరీటం దక్కినవారి స్వీయకథకే అస్తిత్వ గౌరవం ఇచ్చి, పట్టీకెక్కినవారిని చరిత్ర శాఖకు వదిలివేయడం సాహిత్య పరిశోధన కాదు. గజపతినగరం వంటి ప్రాంతాలలో వలస కుటుంబాల జ్ఞాపకాలను మౌఖిక, దృశ్య రూపాలలో సేకరించి, వాటిని ప్రాథమిక పాఠాలుగా అంగీకరించాలి. అచ్చు పుస్తకమే ఆధారమని పట్టుబట్టినంత కాలం తెలుగు శాఖలు ఆ గుమాస్తా మాటనే తుది మాటగా నిలుపుతాయి.