వెంకటరామయ్యగారి వనవాసం

మా మేనల్లుడికి నటుడు కావాలని కోరిక. మొన్న కాకినాడ నుంచి వచ్చి, మా అరుగుమీద ముఖం వేలాడేసుకుని కూర్చున్నాడు. ఏమిట్రా అంటే, "రెండేళ్ళ నుంచి తిరుగుతున్నానండి మావయ్యా. ఇప్పటికి దక్కినవి మూడు వేషాలు. అందులో ఒకదాంట్లో నా వీపే కనబడుతుంది. ఇంక మానేస్తానండి," అన్నాడు.

మానమనడానికి గాని, మానవద్దనడానికి గాని నేనెవణ్ణి? అందుకని వాడికి రేలంగివారి కథ చెప్పాను. మీరూ వినండి.

రేలంగి వెంకటరామయ్యగారు 1910 ఆగస్టు 9న రావులపాలెం దగ్గర రావులపాడులో పుట్టారు. పసితనంలోనే తల్లి పోయింది. తండ్రిగారికి హరికథా, సంగీతం తెలుసు. పెరిగింది కాకినాడలో. చదువుమీద కన్నా నాటకాలమీదే మనసు. కుర్రతనంలో ఆడవేషాలు కట్టారు. తరువాత యంగ్ మెన్స్ హ్యాపీ క్లబ్బులో నాటకాలాడారు. ఎస్.వి. రంగారావుగారూ, అంజలీదేవిగారూ కూడా ఆ క్లబ్బు నాటకాలాడినవారే.

కాకినాడ వాస్తవ్యులైన చిత్తజల్లు పుల్లయ్యగారు 1935లో 'శ్రీకృష్ణ తులాభారం' తీస్తూ ఈయనకో వేషం ఇచ్చారు. దాంతో దశ తిరిగిందనుకుంటున్నారా? అబ్బే! ఆ తరువాత పుల్లయ్యగారినే అంటిపెట్టుకుని, నటీనటుల్ని కుదర్చడం, పైపనులు చక్కబెట్టడం, మధ్యమధ్య దొరికిన చిన్న వేషం వెయ్యడం. ఇదీ వరస.

1949లో కె.వి. రెడ్డిగారి 'గుణసుందరి కథ'లో రాజుగారి అల్లుడి వేషం వచ్చింది. అప్పుడుగాని జనం ఆయన్ని గుర్తుపెట్టుకోలేదు. లెక్క వేసుకోండి, సరిగ్గా పధ్నాలుగేళ్ళు! పేరులో రాముడు ఉన్నందుకు వనవాసం కూడా తప్పలేదన్నమాట.

ఆ తరువాత 'పాతాళ భైరవి' (1951)లో రాజుగారి బావమరిదిగా తన పాట తానే పాడుకున్నారు. 'మిస్సమ్మ' (1955)లో దేవయ్య అయ్యారు. రమణారెడ్డిగారి సన్నటి ఒళ్ళు పక్కన ఈయన బొద్దు శరీరం కనబడితే చాలు, మాట పుట్టకముందే హాలులో నవ్వు పుట్టేది.

నాకు మాత్రం 'మాయాబజార్' (1957) పెళ్ళిపీటలే గుర్తొస్తాయి. మాయా శశిరేఖ కాలు తొక్కుతుంది. అరిస్తే పరువు పోతుంది, ఓర్చుకుంటే ప్రాణం పోతుంది. ఆ రెండూ ఒక్క ముఖంలో చూపించాలి. తొక్కిన ఘనత సావిత్రిగారిది. కాని తొక్కించుకున్న రేలంగివారే లేకపోతే మనకు ఆ నవ్వు ఏదీ? ఎదుటివాడి నటన తన ముఖంమీద పండించడం గొప్ప విద్య. పధ్నాలుగేళ్ళు పక్కన నిలబడి, పదిమందినీ చూసిన మనిషికి అది పట్టుబడిందని నా నమ్మకం.

సంపాదించాక కూడా ఆయన గోదావరి గడ్డను మరవలేదు. తాడేపల్లిగూడెంలో రేలంగి చిత్రమందిర్ కట్టించారు. 1970లో పద్మశ్రీ వచ్చింది. 1975 నవంబరు 27న ఆ తాడేపల్లిగూడెంలోనే కన్నుమూశారు.

అంతా విని మావాడు, "అయితే మావయ్యా, వనవాసం చేసినవాళ్ళందరికీ పట్టాభిషేకం జరుగుతుందంటారా?" అన్నాడు.

చిక్కు ప్రశ్నే. అబద్ధం చెప్పడానికి నోరు రాలేదు. "జరగదురా. చాలామంది అడవిలోనే ఉండిపోతారు. కాని అడవిలో ఉన్నన్నాళ్ళూ వాళ్ళేం నేర్చుకున్నారన్నది వాళ్ళ చేతిలోనే ఉంటుంది. ఇంతకీ నువ్వు వీపు చూపించిన వేషంలో, ఆ వీపుతో ఏమైనా నటించావా?" అన్నాను.

వాడు కాసేపు ఆలోచించి, ఫక్కున నవ్వాడు. మర్నాడు పొద్దున్నే కాకినాడ బస్సెక్కాడు. మానేస్తాడో, సాగిస్తాడో నాకు చెప్పలేదు. బస్సు కదిలాక చూస్తే మాత్రం, కిటికీ పక్కన కూర్చున్న ఆ వీపు నిటారుగానే ఉంది.