కాంచనమాల: జాలికథ కింద పూడిపోయిన నటన

తెలుగు సినిమా చరిత్ర రాసేవారు కాంచనమాల ప్రస్తావన రాగానే ఆమె అందాన్ని పొగిడి, జెమినీ సినిమా నిర్మాణ సంస్థతో వచ్చిన ఒప్పంద వివాదాన్ని చెప్పి, ఆపై మనోవ్యాధితో గడిచిన ఏళ్లకు నిట్టూర్చి ముగించడం ఆనవాయితీ అయింది. జాలి పేరిట సాగే ఈ ధోరణి నటిగా ఆమె చేసిన పనిని పరిశీలనకే రానివ్వదు కనుక అది ఆమెకు అన్యాయమే చేస్తున్నది.

1938లో వచ్చిన రెండు చిత్రాలు చాలు, ఈ ధోరణి ఎంత డొల్లదో తేలడానికి. 'గృహలక్ష్మి'లో ఆమె పెళ్లయిన డాక్టరును వలలో వేసుకొనే నర్తకి. గూడవల్లి రామబ్రహ్మం తీసిన 'మాలపిల్ల'లో బ్రాహ్మణ యువకుణ్ణి ప్రేమించిన హరిజన యువతి శంపాలత. అంతకుముందు టాకీ, అంటే మాటలు వినిపించే సినిమా, ఎక్కువగా పౌరాణిక నాటకాల పద్యాన్నీ రాగాలాపననూ నమ్ముకొని నడిచింది. 'మాలపిల్ల'కు తాపీ ధర్మారావు వ్యావహారికంలో, అనగా జనం నిత్యం మాట్లాడుకొనే భాషలో, సంభాషణలు రాయడంతో నటులకు పద్యమనే ఊతకర్ర లేకుండా పోయింది. గుడిలోకి అడుగుపెట్టనివ్వని ఊళ్లోని పేటపిల్లగానూ, కలకత్తా చేరి చదువు నేర్చిన స్త్రీగానూ ఒకే పాత్రలో రెండు నడవడికలను చూపవలసిన భారం కాంచనమాలపై పడింది. ఒకరు పాడగా మరొకరు పెదవులు కదిపే నేపథ్యగానం ఇంకా స్థిరపడని రోజులు కాబట్టి పాటల బరువునూ ఆమె గొంతే మోసింది. ఇంత శ్రమను అందం అనే ఒక్క మాటతో సరిపెట్టడం విమర్శ అనిపించుకోదు.

అదే జెమినీ సంస్థ తీసిన 1942 నాటి 'బాలనాగమ్మ' విషయంలో పొరపాటు మరీ పెద్దది. మాయల మరాఠీ అనే మాంత్రికుడి చెరలో చిక్కిన కథానాయిక దుఃఖాన్ని నటి జీవితానికి అంటగట్టి, ఒప్పంద వివాదాన్ని విధివిలాసంగా చెప్పడం పరిపాటి అయింది. ఆ వివాదాన్ని దాచమని ఎవరూ కోరనక్కరలేదు గాని, నటులను ఒకే సంస్థకు కట్టిపడేసిన స్టూడియో వ్యవస్థ చరిత్రలో భాగంగా, యజమానికీ జీతానికి పనిచేసే కళాకారిణికీ నడుమ తగాదాగా దాన్ని చూడాలి.

1939లో 'వందేమాతరం'లో ఆమె సరసన నటించిన చిత్తూరు నాగయ్యకూ చివరి రోజుల్లో ఆర్థిక కష్టాలు తప్పలేదు. అయినా ఆయన గురించి రాసేవారు 'పోతన', 'త్యాగయ్య' చిత్రాలతోనే మొదలుపెడతారు, ఆ నటననే తూకం వేస్తారు. అదే న్యాయం ఆయన సహనటికి ఎందుకు వర్తించదో వారే చెప్పవలసి ఉంది.