పెదవులు మనవి, గొంతు ఎవరిది?



హాస్టల్ డే దగ్గరికొచ్చింది. ఈసారి కూడా స్పీకర్లో సినిమా కామెడీ బిట్లు పెట్టి, స్టేజీ మీద పెదవులు ఆడిద్దామని మనవాళ్ళు అనుకుంటున్నారు. నేను ఒప్పుకోను. ఎందుకో చెబుతాను.

ఈ పని మనం కనిపెట్టింది కాదు, టాకీల కంటే ముందునించీ ఉంది. ఫ్రాన్సులో గోమాన్ కంపెనీ వాళ్ళు ముందు గ్రామఫోను రికార్డు చేసేవాళ్ళు. తర్వాత అది వినిపిస్తూ, నటుడు పెదవులు కదుపుతుంటే ఫిల్ము తీసేవాళ్ళు. ఆలిస్ గీ అనే ఆమె 1905లో డ్రానెమ్ అనే హాస్యగాడి పాటల్ని ఇట్లాగే తీసింది. ఒక్కోటి రెండు మూడు నిమిషాలే. చూపించేటప్పుడు బొమ్మ వెనకబడితే మిషను దగ్గరి మనిషి వేగం సర్దాలి. లేకపోతే నోరు తెరవకముందే మాట వినపడుద్ది! (ఆ నవ్వు వేరు.)

మచిలీపట్నంలో పుట్టిన రఘుపతి వెంకయ్య గారు మద్రాసులో తన ఫోటో స్టూడియో తాకట్టు పెట్టి, 30,000 రూపాయలకు ఆ కంపెనీ క్రోనోమెగాఫోన్ కొన్నారు. 1910 ప్రాంతం సంగతి. దాంతో చిన్న చిన్న బొమ్మలు చూపిస్తూ బెజవాడ, సింహళం, రంగూన్ దాకా తిరిగారు. తెలుగు టాకీ ‘భక్త ప్రహ్లాద’ వచ్చింది 1932లో. అంటే ఇరవై ఏళ్ళు ముందే ఆయన సొమ్మంతా శబ్దం మీద పెట్టారు. అప్పుడు వేరే దారి లేదు కాబట్టి అరువు గొంతు. మనకేమైంది?

లారెల్, హార్డీ 1929లో మాట్లాడటం మొదలుపెట్టారు. మరుసటి ఏడు వాళ్ళ చిన్న కామెడీలు స్పానిష్‌లో కూడా తీశారు. ఇద్దరికీ ఆ భాష రాదు. పలకాల్సిన మాటలు నల్లబల్ల మీద రాసిపెట్టుకుని చదివారు, మనం ఒకటో తరగతిలో తెలుగు చదివినట్టే. యాస వంకరే. అయినా జనానికి నచ్చింది. తర్వాత డబ్బింగు చెప్పినవాళ్ళు కూడా ఆ యాసే పట్టుకున్నారు.

పోయినేడు మన స్కిట్ మధ్యలో కరెంటు పోయింది గుర్తుందా? అందరూ నోళ్ళు తెరుచుకుని నిలబడ్డారు. ఒక్కడే ఆగకుండా, సగం తెలుగు సగం లంబాడీలో సొంత మాటలు చెప్పాడు. ఆ రోజు అందరికన్నా ఎక్కువ నవ్వించింది వాడే. కానీ తర్వాత వారం రోజులు మెస్సులో వాడి యాస వెక్కిరించాం. నేనూ వెక్కిరించాను. ఈసారి వాడు పేరు ఇవ్వలేదు.

వార్డెన్ సారుకి మనవి: స్కిట్‌కి స్పీకరు ఇవ్వొద్దు సార్. సుగాలీ, చెంచు, ఎరుకల, ఎవరింటి మాటలో వాళ్ళు చెప్పనివ్వండి. వాడి పేరు రాయిద్దామని నేను రెండుసార్లు అడిగాను. ఇంకా సరే అనలేదు.