కాడి మోపినదెవరు, గంట దించినదెవరు?

చరిత్ర ప్రస్తావన రాకుండా పార్లమెంటు సమావేశం ముగియడం ఇటీవలి కాలంలో అరుదైపోయినది. 2014 జూన్‌లో, కొత్తగా అధికారం చేపట్టిన ప్రధానమంత్రి, రాష్ట్రపతి ప్రసంగానికి ధన్యవాద తీర్మానంపై లోక్‌సభలో మాట్లాడుతూ పన్నెండు వందల సంవత్సరాల బానిస మనస్తత్వాన్ని గురించి చెప్పారు. రెండు వందల ఏళ్ళ దాస్యం అనే మాటకు అలవాటుపడిన సభకు ఆ లెక్క కొత్తది. నాటి నుంచి లెక్క సాగుతూనే ఉన్నది. పన్నెండవ తరగతి చరిత్ర పాఠ్యపుస్తకం నుంచి మొగలాయి దర్బారుల అధ్యాయం తొలగిపోయినది. 2025 మార్చిలో ఔరంగజేబు సమాధిపై రేగిన వివాదం నాగపూరు వీధులలో అల్లర్లుగా పరిణమించినది.

పరాయివాడు ఏలిపోయిన కాలాన్ని ఒక జాతి ఏ విధంగా స్మరించుకోవాలి? ఈ ప్రశ్న మనకొక్కరికే ఎదురైనది కాదు. రష్యనులు రెండు శతాబ్దాలుగా దీనితో పెనుగులాడుతున్నారు. వారి అనుభవం మనకు పనికివచ్చేది గనుక ఈ వారం దానిని ముచ్చటించదలచాను.

చెంఘిజ్ ఖాన్ మనుమడైన బాటూ సేనలు 1237 డిసెంబరులో రియాజాన్ నగరాన్ని నేలమట్టం చేశాయి. మూడేళ్ళు తిరిగేసరికి, 1240 డిసెంబరులో, కీవ్ కూలిపోయినది. అటు తర్వాత సుమారు రెండు వందల నలభై సంవత్సరాలు రష్యన్ రాజులు వోల్గా తీరాన ఉన్న సరాయి నగరానికి వెళ్ళి, ఖాన్ ఎదుట మోకరిల్లి, తమ సింహాసనాలకు తామే అనుమతి పత్రాలు తెచ్చుకున్నారు. దీనినే వారు 'తాతారు కాడి' అంటారు. 1480లో ఉగ్రా నది ఒడ్డున ఇరుపక్షాల సైన్యాలు చాలా రోజులు ఎదురుబొదురుగా నిలిచి, చివరకు అహ్మద్ ఖాన్ పెద్ద యుద్ధమేదీ లేకుండానే వెనుదిరగడంతో ఆ కాడి తొలగినదని చెప్పుకుంటారు.

ఇంతవరకూ పేచీ లేదు. పేచీ అంతా ఆ కాడి రష్యాను ఏమి చేసినదన్న దానిపైనే. మాస్కో తన గొప్పతనానికి ఖానులకే ఋణపడి ఉన్నదని కరంజిన్ భావించాడు. మంగోలుల ప్రభావం స్వల్పమనీ, రష్యా తన సహజమార్గంలోనే నడిచినదనీ సొలొవ్యోవ్ వాదించాడు. జారుల నిరంకుశత్వానికి మూలాన్ని కార్ల్ మార్క్స్ మంగోల్ దాస్యంలోనే వెతికాడు. ఆ వాదం సోవియట్ పాలకులకు మింగుడు పడకపోవడం వల్ల ఆయన రాసిన ఆ వ్యాసాలకు వారి రచనా సంపుటాలలో చోటు దొరకలేదు.

పాలనాయంత్రం మాటకు వస్తే మంగోలుల ముద్రను కాదనడం కష్టం. జనాభాను లెక్కించి, తలకింత అని పన్ను కట్టి, దూరదూరాలకు గుర్రపు టపా నడిపిన పద్ధతి వారిది. భాషలో ఆ ముద్ర ఇంకా స్పష్టం. విశాలాంధ్ర పుస్తకశాలలో చవకగా దొరికిన రష్యన్ నవలలు చదివిన మన తరానికి బండి తోలే యామ్‌షిక్ పరిచితుడే. ఆ మాట మంగోలుల టపా వ్యవస్థ 'యామ్' నుంచి వచ్చినది. రష్యన్‌లో సుంకపు కచేరీ 'తమోజ్న్యా'. అది ఖానుల కాలపు ముద్ర, సుంకం అయిన 'తమ్ఘా' నుంచి పుట్టినది. వారి 'కజ్నా', మన ఖజానా ఒక్క మాటే.

ఈ మాటల జాడ పట్టుకుని నడిస్తే మనం చేరేది గుజరాత్‌లోని సూరత్‌కు. మొగలాయీలు తమను తైమూరు వంశీకులుగానే చెప్పుకున్నా, బాబరు తల్లి చెంఘిజ్ ఖాన్ సంతతిది. 1527లో రాణా సంగాతో యుద్ధానికి ముందు బాబరు ముస్లిములకు మాఫీ చేసిన పన్ను ఆ తమ్ఘాయే. 1573లో అక్బరు సూరత్ కోటను పట్టుకున్నాక ఆ రేవు సామ్రాజ్యానికి ముఖద్వారమైనది. నిజాం కాలపు తెలంగాణలో మన పెద్దలను హడలెత్తించిన 'దారోగా' పదం కూడా మంగోలుల 'దరుగా' నుంచి వచ్చినదే. రష్యాలో పన్ను దండిన అధికారికి తురుష్క భాషలో 'బాస్కాక్' అని పేరు. రెండూ ఒకే ఉద్యోగానికి రెండు పేర్లు.

ఆ సూరత్ రేవులోనే ఈ రెండు వారసత్వాలు ముఖాముఖి కలుసుకున్నాయి. 1695లో సెమ్యోన్ మాలెంకోయ్ అనే వర్తకుడు మాస్కో నుంచి బయలుదేరి, ఇరాన్ మీదుగా సముద్రమార్గాన సూరత్‌లో దిగాడు. ఔరంగజేబు అతనికి వర్తకం చేసుకొనేందుకు ఫర్మానా ఇచ్చాడు. ఆగ్రా, ఢిల్లీ చూసి, సరుకు కొని తిరుగు ప్రయాణమైన ఆ వర్తకుడు స్వదేశం చేరకుండానే మరణించాడు. విశేషమేమంటే, అతడు సూరత్‌లో అడుగుపెట్టేనాటికి, ఉగ్రా ఒడ్డున కాడి తొలగిన రెండు శతాబ్దాల తర్వాత కూడా, చెంఘిజ్ వంశీకుడైన క్రిమియా ఖాన్‌కు కానుకలు చెల్లించే బాధ్యత నుంచి మాస్కో బయటపడలేదు. 1700లో తుర్కీతో కుదిరిన సంధితో గాని అది రద్దు కాలేదు. కాడి ఒక్క రోజులో పడదు, ఒక్క రోజులో తొలగదు.

ఇంతకూ ఆ కాడిని మోసిన మెడలేవి, మోయించిన చేతులేవి? 1327లో ట్వేర్ నగర ప్రజలు ఖాన్ మనుషులపై తిరగబడ్డారు. ఆ తిరుగుబాటును అణచడానికి తాతారు సేనలతో కలిసి నడిచినవాడు మాస్కో రాజు ఇవాన్. ప్రతిఫలంగా అతనికి పెద్దరికం లభించినది. రష్యన్ రాజ్యాలన్నిటి నుంచీ కప్పం వసూలు చేసి సరాయికి చేర్చే అధికారం అతని చేతికి వచ్చినది. ప్రజలు అతనికి పెట్టిన పేరు 'కలితా', అంటే డబ్బు సంచి. మాస్కో మహత్తుకు పునాది ఆ సంచియే.

నొవ్గొరొద్ కథ ఇంకా ముఖ్యమైనది. అక్కడ పౌరసభ ఉండేది. గంట మోగితే జనం కూడేవారు, రాజును పిలిచేవారు, నచ్చకపోతే పంపివేసేవారు. మంగోలులు ఆ నగరంలో జనాభా లెక్కలు తీశారు, పన్ను దండుకున్నారు. కాని గంట జోలికి పోలేదు. ఆ గంటను దించి బండిలో మాస్కోకు తరలించినవాడు 1478లో మూడవ ఇవాన్. అతడు రష్యనే, అదే మతస్థుడే, రెండేళ్ళ తర్వాత కాడి తొలగించిన వీరుడుగా కీర్తి పొందినవాడే. 1510లో ప్స్కోవ్ గంటకూ అదే గతి పట్టినది. ఖాన్ నుంచి మాస్కో నేర్చుకున్నది పన్ను దండడం మాత్రమేనని అనుకునేవారు ఈ రెండు గంటలనూ గుర్తుంచుకోవాలి.

సూరత్ చరిత్రలోనూ ఇందుకు సాటివచ్చే ఘట్టాలున్నాయి. 1669లో స్థానిక ఖాజీ మతపరమైన ఒత్తిడులకు విసిగి సుమారు ఎనిమిది వేల మంది బనియాలు దుకాణాలు మూసివేసి, ఊరు విడిచి భరూచ్‌కు వెళ్ళిపోయారు. ఊరిలో వ్యాపారం స్తంభించినది. ఔరంగజేబు నుంచి హామీ వచ్చాకనే, ఆ ఏడాది చివర, తిరిగివచ్చారు. పీడన నిజం, దానికి లొంగక తలెత్తి నిలవడమూ అంతే నిజం. మొదటిదానిని మాత్రమే చెప్పే చరిత్ర మన పూర్వులను ఒట్టి బాధితులుగా మిగులుస్తుంది. మొదటిదానిని దాచే చరిత్ర వారికి అన్యాయం చేస్తుంది.

1759లో ఈస్టిండియా కంపెనీ సూరత్ కోటను వశపరచుకున్నది. తన పేరిట కాదు, మొగలాయి చక్రవర్తి కిల్లేదారుగా! కోటపై ఒక బురుజున ఇంగ్లీషు జెండా, మరొక బురుజున మొగలాయి జెండా ఎగిరేవి. 1800లో నవాబు నుంచి నగరపాలన కూడా కంపెనీ లాగేసుకున్నది. ఇవాన్ కలితా ఖాన్ పత్రంతో చేసిన పనిని కంపెనీ ఢిల్లీ సనదుతో చేసినది. పాత ఏలిక బలహీనుడైనా అతని ముద్ర చెల్లుతున్నంత కాలం దానిని వాడుకునేవాడు ఎక్కడైనా పుట్టుకొస్తాడు.

రష్యాకూ మనకూ ఉన్న తేడాను విస్మరించమని నేననడం లేదు. ఖానులు మైదానాలలో ఉండి దూరం నుంచి కప్పం పుచ్చుకున్నారు. మొగలాయీలు ఇక్కడే స్థిరపడి ఇక్కడి మట్టిలోనే కలిశారు. వారికి సైన్యాధిపతులుగా, దివానులుగా పనిచేసిన రాజపుత్రులు, ఖత్రీలు, కాయస్థులు మనవారే. అందువల్ల లెక్క తేల్చడం మనకు రష్యనులకన్నా కష్టం. తీర్మానాలతో తేలే లెక్క అసలే కాదు.

తీర్మానంతో తేల్చబోయిన సంగతీ ఉన్నది. 1944 ఆగస్టులో సోవియట్ కమ్యూనిస్టు పార్టీ కేంద్ర కమిటీ, బంగారు గుడారపు ఖానుల కాలాన్ని గొప్ప చేసి చూపరాదని తాతార్ పార్టీ శాఖను ఆదేశించినది. తాతారుల ప్రాచీన వీరగాథ 'ఇదెగెయ్' నిషేధానికి గురైనది. అదే ఏడాది మే నెలలో క్రిమియా తాతారులను ఒక జాతి మొత్తంగా పశువుల పెట్టెలలో ఎక్కించి మధ్య ఆసియాకు తరలించారు. ఏడు వందల ఏళ్ళ నాటి కాడికి బదులు తీర్చుకున్నామని ఎవరైనా సంతోషించారేమో తెలియదు. రష్యన్ రైతు మెడ మీది కాడి మాత్రం తేలిక కాలేదు. పార్టీ ఆజ్ఞతో రాసిన చరిత్ర పార్టీతోనే పోయినది.

మళ్ళీ సూరత్‌కే వద్దాము. తెలంగాణ జిల్లాల నుంచి తరలివెళ్ళిన పద్మశాలీలు తరాలుగా అక్కడి మగ్గాలపై బతుకుతున్నారు. వారి పిల్లల కోసం నగరపాలక సంస్థ తెలుగు బడులు కూడా నడిపినది. 2024 లోక్‌సభ ఎన్నికలలో ఆ తెలుగువారికీ, వారితో పాటు నగరంలోని లక్షలాది ఓటర్లకూ ఓటు వేసే అవకాశమే రాలేదు. కాంగ్రెసు అభ్యర్థిని ప్రతిపాదించినవారు సంతకాలు తమవి కావన్నారు, నామినేషను చెల్లలేదు. మిగిలిన అభ్యర్థులంతా పోటీ నుంచి తప్పుకున్నారు. ఏప్రిల్ 22న భారతీయ జనతా పార్టీ అభ్యర్థి ఏకగ్రీవంగా ఎన్నికైనట్లు ప్రకటించారు. చట్టం అక్షరాన్ని ఎవరూ మీరలేదు. ఏ ఖానూ దండెత్తి రాలేదు, ఏ కంపెనీ సనదూ చూపలేదు. అయినా ఆ నగరంలో గంట మోగలేదు.

పోటీలో ఒక్కరే మిగిలితే పోలింగు అవసరం లేదని ప్రజాప్రాతినిధ్య చట్టం 53వ సెక్షను చెబుతున్నది. 'పై వారెవరూ కాదు' అని చెప్పే హక్కు 2013లోనే ఓటరుకు దక్కినది. అభ్యర్థి ఒక్కడే అయినప్పుడు మాత్రం ఆ హక్కు మాయమవుతున్నది. అటువంటప్పుడు గెలవడానికి కనీసం ఇన్ని ఓట్లు రావాలన్న నియమం పెట్టే విషయాన్ని పరిశీలించవలసిందని 2025 ఏప్రిల్‌లో సుప్రీంకోర్టు కేంద్రానికి సూచించినది.

పన్నెండు వందల ఏళ్ళ లెక్క తీయడానికి వెచ్చించే సమయంలో ఒక్క పూట ఈ సెక్షనుకు కేటాయిస్తే పార్లమెంటు గౌరవం పెరుగుతుంది. పరాయివాడు మోపిన కాడిని గురించి మాట్లాడే హక్కు మనందరికీ ఉన్నది. మనవాడే గంట దించుతున్నప్పుడు అడిగే అలవాటు కూడా ఉంటేనే ఆ మాటకు బరువు. నొవ్గొరొద్ ప్రజలు ఆ ప్రశ్న ఆలస్యంగా అడిగారు. మన సభ్యులకు ఇంకా వ్యవధి ఉన్నది.