ఎవరి పరువు? ఎవరి బరువు?

జపాను చిత్రకారుడు నామియో హరుకావా 1947లో పుట్టి 2020లో మరణించెను. ఈతడు జీవితమంతయు దాదాపు ఒక్క చిత్రమునే మరల మరల గీచెననవచ్చును: కొండవంటి నిండుమేనిగల స్త్రీ, ఆమె భారముక్రింద నణగియున్న యల్పకాయుడగు పురుషుడు.

ఇవి అసభ్యములని పెద్దలు ముక్కుపై వ్రేలు వేసికొందురు. బాలుర చేతికి ఈయదగినవని మేమును జెప్పము. కాని యొక్క ప్రశ్న. పురుషుని పాదములకడ స్త్రీ యణగియున్న చిత్రములను భక్తియనియు, పాతివ్రత్యమనియు గోడలకు వ్రేలాడదీసిననాడు ఈ వ్రేళ్లు ఎక్కడ నుండెను?

ఆ దేశముననే 1804లో ఉతమారో యను మహాచిత్రకారునికి సంకెలలు తగిలించిరి. అందగత్తెలను చిత్రించుట ఆయనకు ఏండ్లతరబడి వృత్తి; దానికి సంకెలలు లేవు. గతించిన పాలకుడు హిదెయోషిని అంతఃపురకాంతల నడుమ చూపినందులకే శిక్ష! ఏలికలకు మానభంగము కంటె అధికారభంగమే ఘోరాపరాధము. నేటి పెద్దల కోపమునకును మూలమిదియే.

ఇక రెండవ పక్షమువారు ఈ చిత్రములు స్త్రీశక్తికి పట్టాభిషేకమని కోలాహలము సేయుచున్నారు. ఇదియు భ్రమయే. నామియో యను పేరు తానిజాకి నవలలోని నాయిక నవోమి పేరును తారుమారుచేసి కూర్చినది. హరుకావా యనునది మసుమి హరుకావా యను నటీమణి యింటిపేరు. పేరు మొదలు బొమ్మవరకు అంతయు పురుషుడు కన్న కల. అందు స్త్రీకి సింహాసనమున్నది, శాసనము లేదు. బరువున్నది, మాట లేదు.

జపాను స్త్రీలు 1946 ఏప్రిలులో తొలిసారి జాతీయ ఎన్నికలలో వోటు వేసిరి. 39 మంది స్త్రీలు శాసనసభ కెక్కిరి. అది బలము. అయినను దంపతులకు ఒక్కటే యింటిపేరుండవలెనను చట్టమును 2015లోను, 2021లోను అత్యున్నత న్యాయస్థానము సమర్థించెను. పేరు వదలుకొనువారిలో అత్యధికులు స్త్రీలే. చిత్రకారుడు ముచ్చటపడి స్త్రీ యింటిపేరు ధరించెను. స్త్రీలు చట్టమునకు లోబడి తమ యింటిపేళ్లు విడిచిరి. ఈ వ్యత్యాసమును గూర్చి యే పక్షమును నోరు మెదపదేల?

చిత్రమును చింపినను, దానికి దండ వేసినను స్త్రీకి హక్కు సమకూరదు. మనుష్యునిపై మనుష్యుడు కూర్చుండని దినము వచ్చినపుడు ఈ చిత్రములు చూచి అందరును నవ్వుదురు. నేడు కొందరు భయపడుచున్నారు. ఆ భయము ఎవరిదో పాఠకులే యోజించుకొందురు గాక!