గడీ చీకటిని చూపిన కన్ను ఎవరిది?

‘దాసి’ సినిమా అనంగనే మనకు ఎవరు యాదికొస్తరు? బి. నర్సింగరావు. తర్వాత అర్చన. జర ఎక్కువ తెలిసినోళ్లయితే ఆర్ట్ డైరెక్షన్ చేసిన వైకుంఠం పేరు కూడా చెప్తరు. మరి ఆ గడీని మన కండ్ల ముందర నిలబెట్టిన కెమెరామన్ ఎవరు? ఉద్యమం రోజుల్లో గడీల మీద గంటలకొద్దీ ఉపన్యాసాలు దంచినోళ్లం, ఒక్కసారన్నా ఆ పేరు ఎత్తినమా? నేనూ ఎత్తలే. దాచుకునేదేముంది!

ఆయన పేరు అపూర్వ కిశోర్ బీర్. ఒడియా మనిషి. పుణె ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్‌లో చదివిండు. అవతార్ కృష్ణ కౌల్ తీసిన ‘27 డౌన్’ ఆయనకు మొదటి ఫీచర్ సినిమా. నడుస్తున్న రైళ్లల్ల, జనం కిక్కిరిసిన బొంబాయి స్టేషన్ల కెమెరా పట్టుకొని తిరిగి తీసిన నలుపు తెలుపు బొమ్మ అది. 1973 జాతీయ అవార్డుల్లో ఛాయాగ్రహణం బహుమతి దానికే వచ్చింది. సెట్టింగుల తళుకులను నమ్ముకున్న చెయ్యి కాదది. ఆ చెయ్యే మన గడీలకు వచ్చింది. 1988 సినిమాలకు ఇచ్చిన జాతీయ అవార్డుల్లో ‘దాసి’కి 5 దక్కితే, అందుల ఉత్తమ ఛాయాగ్రహణం బీర్‌ది.

అదే కాలంల పెద్ద బ్యానర్ల తెలుగు సినిమా ఏం చేస్తుండె? మన యాసను రౌడీ నోట్లె, జోకరు నోట్లె పెట్టి నవ్వులపాలు చేస్తుండె. ముఖం ఒకరిది, గొంతు ఇంకొకరిది. డబ్బింగ్ థియేటర్ల అతికించిన మాటనే తెలుగు మాట అన్నరు. ఇక్కడనేమో నోరెత్తే హక్కు లేని కమలాక్షి. ఆమె గోసను డైలాగులు మోస్తయా? వాకిలి, నీడ, మౌనం మోయాలె. ఆ బరువంత కెమెరా మీద, శబ్దం మీద పడింది.

“అవార్డు సినిమా, అంత చీకటే, ఏం కనబడది” అని వెక్కిరించే మేధావులు ఇప్పటికీ ఉన్నరు. దాసీలు పండే మూలకు ట్యూబులైట్లు కట్టాల్నా? ఆ చీకటి కెమెరామన్ చాతగానితనం కాదు, దొరతనం లెక్కపత్రం.

బీర్ తర్వాత డైరెక్టరై ‘ఆది మీమాంస’ (1991) తీసిండు. తన నేల మాటతోటి, ఒడియాల. మనం మాత్రం ఆయనను మర్చిపోయినం. 2014ల రాష్ట్రమొచ్చింది, మన యాస సినిమాలకు ఇప్పుడు టికెట్లు తెగుతున్నయి. సంతోషమే. సినిమా నేర్చుకునే మన పోరగాండ్లకు ‘దాసి’ని ఒకసారి మాట బందువెట్టి బొమ్మ మాత్రమే చూపియ్యాలె. ఇంకోసారి బొమ్మ ఆపి చప్పుడు మాత్రమే వినిపియ్యాలె. అంతకన్న ముందు, టైటిళ్లల్ల ఆయన పేరు వచ్చిన కాడ ఒక నిమిషం ఆపాలె.