సోనియా బ్రాగా హాలీవుడ్ తయారుచేసిన తార కాదు

సంపాదకులకు,

బ్రెజిల్ నటి సోనియా బ్రాగాకు 'కిస్ ఆఫ్ ద స్పైడర్ ఉమన్' (1985)తోనే గుర్తింపు వచ్చిందని గత సంచికలో రాశారు. తప్పు. 1975లో టీవీ సీరియల్ 'గాబ్రియేలా'తోనే ఆమె బ్రెజిల్లో ఇంటింటికీ తెలుసు. మరుసటి ఏడాది వచ్చిన 'డోనా ఫ్లోర్ అండ్ హర్ టూ హజ్బెండ్స్'ను అక్కడ కోటి మందికి పైగా థియేటర్లకు వెళ్లి చూశారు. దేశవాళీ చిత్రాల్లో ఆ రికార్డు 2010 దాకా చెక్కుచెదరలేదు. హాలీవుడ్ పిలిచింది ఆ పేరు విన్నాకే.

ఆమెను శృంగార తార అని తేల్చేయడం మరీ అన్యాయం. అరవై దాటాక 'అక్వేరియస్' (2016)లో, బిల్డర్లు ఎంత వేధించినా రెసిఫేలోని తన ఫ్లాటు అమ్మనని భీష్మించుకున్న క్లారా ఆమే. చివరికి ఆ భవనంలో చెదపట్టిన చెక్కలను తీసుకెళ్లి వాళ్ల ఆఫీసు బల్లమీదే కుమ్మరిస్తుంది. ఆ సినిమా గురించి మీ వ్యాసంలో ఒక్క ముక్కయినా లేదేం?

– ఒక పాఠకురాలు, తెనాలి